దోమల రాజుగారి వంశవృక్షం

మా అమ్మా, పిన్నీ కవలలు. ఒకే పోలిక అంటే అంతా ఇంతా పోలిక కాదు. మా నాన్నగారు పెళ్ళయిన కొత్తలో అత్తారింటికి వచ్చి, సందెవేళ వరండాలో కనిపించిన మనిషిని “కాసిని మంచినీళ్ళిస్తావా?” అని చనువుగా అడిగారట. ఆ మనిషి లోపలికెళ్ళి చెంబుతో నీళ్ళు తెచ్చిచ్చి, “ఇంకేమైనా కావాలా బావగారూ?” అందట. ఆ రాత్రి భోజనాల దగ్గర నాన్నగారు తలెత్తితే ఒట్టు!

చూసి పోల్చుకోలేనివాళ్ళకి కూడా, నోరు విప్పితే చాలు, ఎవరు ఎవరో తేలిపోయేది. అమ్మది నిదానమైన గొంతు. మాట చివర కాస్త సాగదీసేది. పిన్నిది గలగల. మా అమ్మమ్మకి చూపు మందగించాక మొహాలు చూడడమే మానేసింది. వంటింట్లో అలికిడయితే “ఎవరే అదీ? ఓ మాట మాట్లాడు” అనేది.

ఇది ఇంటి ముచ్చట. దీనికీ సైన్సుకీ సంబంధం ఉంటుందని నేనెప్పుడూ అనుకోలేదు. నేను బి.ఏ. చదివినదాన్ని. పిట్టల గురించి నాకు తెలిసినదల్లా పాలపిట్ట కనిపిస్తే దణ్ణం పెట్టడం, కాకి అరిస్తే చుట్టాలొస్తారని బియ్యం మరో గుప్పెడు వెయ్యడం. అంతే.

2023 వేసవిలో కాలిఫోర్నియాలో మా తమ్ముడి దగ్గరికి వెళ్ళి రెండు నెలలున్నాను. వాళ్ళ వీధి గుమ్మం పైన దీపం ఉంది. ఆ దీపం మీద నాచుతో గూడు కట్టుకుంది ఒక పిట్ట. పిచ్చుక కన్నా చిన్నది. ఒళ్ళంతా ఆకుపచ్చా గోధుమరంగూ కలిపిన మాసిన రంగు. కంటి చుట్టూ తెల్లటి చుట్టు, రెక్క మీద రెండు లేత చారలు. కొమ్మ మీద బుద్ధిగా కూర్చుని ఉన్నట్టుండి గాల్లోకి ఎగిరి, ఏ దోమనో ముక్కున కరుచుకుని, మళ్ళీ తిరిగి కూర్చునేది. గూడు చెదరకూడదని మా మరదలు రెండు వారాలుగా ఆ దీపం వెయ్యడం మానేసింది.

పక్కింటావిడకి డెబ్బై అయిదేళ్ళుంటాయి. బళ్ళో పంతులమ్మగా చేసి రిటైరయింది. మెడలో ఎప్పుడూ దుర్భిణి వేలాడుతూ ఉండాల్సిందే. ఆవిడ గూడు చూడడానికి వచ్చి, సంచీలోంచి పిట్టల పుస్తకం తీసి, పెన్సిలుతో ఒక పేరు కొట్టేసి పక్కన ఇంకో పేరు రాసింది. ఏమిటని అడిగాను.

“మొన్నటి దాకా ఇది పసిఫిక్ స్లోప్ ఫ్లైకాచర్. ఇప్పుడు వెస్టర్న్ ఫ్లైకాచర్. అయితే 1989కి ముందు కూడా ఇది వెస్టర్న్ ఫ్లైకాచరే!” అంది.

“మరి ఈ సంగతి పిట్టకి తెలుసా?” అన్నాను. ఆవిడ పకపకా నవ్వి, మర్నాడు నాలుగు పుస్తకాలు తెచ్చి ఇచ్చింది. మిగిలిన సెలవంతా వాటితోనే సరిపోయింది.

ఈ పిట్టల వంశానికి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు ఎంపిడోనాక్స్. గ్రీకు మాటలు కలిపి కూర్చిన పేరు. దోమలకి రాజు అని దాని అర్థం చెప్పుకోవచ్చు. 1855లో బెర్లిన్‌లో కబానిస్ అనే పక్షి శాస్త్రజ్ఞుడు పెట్టాడు. పది, పన్నెండు గ్రాముల పిట్టకి ఎంత బిరుదో చూశారా! ఈ వంశంలో 14 జాతులున్నాయి. అన్నీ అమెరికా ఖండాలవే. మన తోటల్లోకి చలికాలం వచ్చే ఎర్రగొంతు ఫ్లైకాచర్‌కీ వీటికీ చుట్టరికం లేదు. గాల్లో పురుగుల్ని పట్టి తినే వృత్తి ఒకటే కాబట్టి పేరు కలిసిందంతే. ఇంటిపేరు ఒకటే అయినా గోత్రాలు వేరు!

చిక్కల్లా ఎక్కడంటే, ఈ 14 జాతుల్లో చాలావాటికి అదే రంగు, అవే చారలు, కంటికి అదే చుట్టు. చేతిలో పట్టుకుని రెక్కనీ తోకనీ మిల్లీమీటర్లలో కొలిచినా కొన్నింటిని విడదీయడం కష్టం. అమెరికాలో పిట్టల్ని చూడడమే వ్యసనంగా పెట్టుకున్న తలపండినవాళ్ళు కూడా వీటి దగ్గర చేతులెత్తేస్తారట.

ఈ చిక్కుముడి మీద మొట్టమొదట చెయ్యి వేసినవాళ్ళలో ఒక కుర్రాడున్నాడు. 1840లో పెన్సిల్వేనియాలో స్పెన్సర్ బెయిర్డ్ అనే పదిహేడేళ్ళ అబ్బాయి, తనకి దొరికిన ఫ్లైకాచర్ ఒకటి ఏ పుస్తకంలోని పిట్టతోనూ సరిపోవడం లేదని గమనించాడు. అప్పటికి పక్షుల బొమ్మలు వెయ్యడంలో ఆడుబాన్‌ని మించినవాడు లేడు. ఈ కుర్రాడు జంకుతూ జంకుతూ అంతటివాడికి ఉత్తరం రాశాడు. పెద్దాయన తీసిపారెయ్యకుండా ఎంతో ఆదరంగా జవాబిచ్చాడు. ఆ చనువు తరవాత గురుశిష్యుల స్నేహమయింది. 1843లో బెయిర్డూ, వాళ్ళన్న విలియమూ కలిసి రెండు కొత్త ఫ్లైకాచర్లని లోకానికి పరిచయం చేశారు. ఒకదాని పొట్ట పసుపు. రెండోది చాలా చిన్నది. ఆ కుర్రాడే 1878లో వాషింగ్టన్‌లోని స్మిత్సోనియన్ సంస్థకి అధిపతి అయ్యాడు. ఆరోజు ఆ పెద్దాయన ఉత్తరం పక్కన పడేసి ఉంటే ఏమయ్యేదో! ఇంట్లో పిల్లలు చీమల్నీ సీతాకోకచిలకల్నీ చూపించి ప్రశ్నలడిగితే “పనుంది, పోరా” అని ఎన్నిసార్లు కసిరానో గుర్తొచ్చి నాకు కాస్త సిగ్గేసింది.

ఇక పేర్ల గొడవ వినండి. కొత్త పిట్ట దొరికితే స్నేహితుడి పేరు పెట్టడం ఆ రోజుల్లో మర్యాద. 1828లో ఆడుబాన్ ఒక ఫ్లైకాచర్‌కి తన మిత్రుడు, స్కాట్లండు డాక్టరు ట్రెయిల్ పేరు పెట్టాడు. హంగరీలో 1848 విప్లవం విఫలమయ్యాక దేశం విడిచి వచ్చి, అమెరికా సైన్యంలో చేరిన క్సాంటుస్ అనే ఆయన ఉన్నాడు. తనకి పిట్టల పిచ్చి అంటించిన సైనిక వైద్యుడు హామండ్ పేరు 1858లో ఇంకో ఫ్లైకాచర్‌కి పెట్టాడు. అదే ఏడాది బెయిర్డ్, చార్ల్స్ రైట్ అనే వృక్షశాస్త్రజ్ఞుడి పేరు మరోదానికి పెట్టాడు.

ఈ రైట్‌గారి పిట్ట కథ వింటే మన పెళ్ళిళ్ళలో జరిగే తారుమారులు గుర్తొస్తాయి. ఒక పేరు పెట్టాక, ఏ పిట్టని చూసి ఆ పేరు పెట్టారో దాన్ని మ్యూజియంలో దాచిపెడతారు. రేపు తగాదా వస్తే అదే సాక్ష్యం. కాలక్రమంలో రైట్ పేరుతో పిలిచే పిట్ట ఒకటి స్థిరపడిపోయింది. పుస్తకాలన్నిట్లోనూ అదే. 1939లో అలన్ ఫిలిప్స్ అనే ఆయన ఆ పాత సాక్ష్యాన్ని మళ్ళీ బయటికి తీసి పరీక్షగా చూశాడు. తీరా చూస్తే అది ఆ పిట్ట కానే కాదు, గ్రే ఫ్లైకాచర్ అని పిలిచే దాని దాయాది! శుభలేఖ మీద ఒకరి పేరు, పీటల మీద ఇంకొకరు. చట్టం ప్రకారం రైట్ పేరు గ్రే ఫ్లైకాచర్‌కి వెళ్ళిపోయింది. అన్నాళ్ళు ఆ పేరు మోసిన రెండో పిట్ట, డస్కీ ఫ్లైకాచర్, ఒక్కసారిగా పేరు లేనిదయిపోయింది. పాపం, దానికి అప్పటికప్పుడు ఒబర్‌హోల్సర్ అనే శాస్త్రజ్ఞుడి పేరు తెచ్చి తగిలించారు. ఈ రెండింటినీ చెట్టు మీద పోల్చుకోవడానికి ఒక్కటే సులువైన గుర్తు. గ్రే ఫ్లైకాచర్ తోకని మెల్లగా కిందికి ఊపుతుంది. మిగతావి పైకి విదిలిస్తాయి.

ఆ గుర్తు చదవగానే నాకొకటి తట్టింది. మ్యూజియం సొరుగులో దూది కూరి పడుకోబెట్టిన పిట్ట తోక ఊపుతుందా? పాడుతుందా? దాదాపు వందేళ్ళపాటు ఈ పెద్దలంతా పిట్టని తుపాకీతో కాల్చి, చర్మం ఒలిచి, చీటీ కట్టి, దాని మొహంలోకి చూస్తూ “నువ్వెవరివి?” అని అడిగారు. చచ్చిన పిట్ట ఏం చెబుతుంది చెప్పండి!

తుపాకీ పక్కన పెట్టి దుర్భిణి పట్టుకోండని చెప్పినవాళ్ళలో ఒక స్త్రీ ఉందని చదివితే నాకు ముచ్చటేసింది. ఫ్లోరెన్స్ మెరియమ్ అనే ఆవిడ 1889లోనే, నాటకాలకి తీసుకెళ్ళే చిన్న దుర్భిణితో బతికున్న పిట్టల్ని చూసి ఎలా పోల్చుకోవాలో పుస్తకం రాసింది. అప్పటికి ఆవిడ వయసు ఇరవై ఆరు. మరో స్త్రీ ఆనీ అలెగ్జాండర్. హవాయిలో చెరుకుతోటల సంపన్నుల కుటుంబంలోది. నగలూ నాణ్యాలూ కొనుక్కోకుండా 1908లో బర్క్‌లీ విశ్వవిద్యాలయంలో పక్షులకీ జంతువులకీ మ్యూజియం పెట్టించి, తనే గుడారాలేసుకుని కొండల్లో తిరిగి నమూనాలు పోగుచేసింది. ఆవిడ పెట్టించిన ఆ మ్యూజియంలోనే తరవాత నెడ్ జాన్సన్ అనే ఆయన జీవితంలో ఎక్కువ భాగం ఈ ఫ్లైకాచర్ల మీదే ఖర్చుపెట్టాడు. హామండ్, డస్కీ, గ్రే ఫ్లైకాచర్ల గురించి 1963లో ఆయన రాసిన గ్రంథంలో వీటిని తోబుట్టువు జాతులన్నాడు. అంత శాస్త్రంలో అంత ఇంటిమాట!

ఇప్పుడు డాక్టరు ట్రెయిల్‌గారి పిట్ట దగ్గరికి వద్దాం. ఈ పిట్ట ఒక్కోచోట ఒక్కోలా పాడుతుందని జనం ఎప్పుడో కనిపెట్టారు. కొన్నిచోట్ల “ఫిట్స్‌బ్యూ” అని తుమ్మినట్టు పాడుతుంది. కొన్నిచోట్ల “ఫీ-బీ-ఓ” అంటుంది. మనకి గోదావరి యాసా, నెల్లూరు యాసా ఉన్నట్టు ఇదీ యాసే కాబోలని చాలామంది సరిపెట్టుకున్నారు. 1950లలో రాబర్ట్ స్టెయిన్ అనే ఆయన మటుకు ఊరుకోలేదు. పాటల్ని రికార్డు చేసి, యంత్రంతో కాగితం మీద గీతలుగా గీయించాడు. రెండు పాటలూ వినిపించే చోట్లకి వెళ్ళి ఎవరు ఎవరితో జతకడుతున్నారో, ఎవరి గూడు ఎలా ఉందో చూశాడు. ఒక పాటవాళ్ళు రెండో పాటవాళ్ళతో జతకట్టడం లేదు. 1963లో ఆయన పూర్తి గ్రంథం వచ్చింది. పదేళ్ళు తర్జనభర్జనలయ్యాక 1973లో అమెరికా పక్షి శాస్త్రజ్ఞుల సంఘం ఒప్పుకుంది. ఇవి రెండు జాతులు. ఒకటి విల్లో ఫ్లైకాచర్, రెండోది ఆల్డర్ ఫ్లైకాచర్. రెండూ అవి ఇష్టపడే చెట్ల పేర్లే. మొహం చూసి ఒకటన్నారు, గొంతు విని రెండన్నారు. మా అమ్మమ్మకి కబురు చేసి ఉంటే ఈ తగువు ఎప్పుడో తీర్చేసేది!

అయితే మీకో అనుమానం రావాలి. పాట నేర్చుకునేదే అయితే? తెలుగింటి పిల్లని తమిళుల ఇంట్లో పెంచితే తమిళం మాట్లాడదూ? పిచ్చుకల్లాంటి పాడే పిట్టలు చాలా మటుకు పెద్దల దగ్గర విని నేర్చుకునేవే. అందుకని డొనాల్డ్ క్రూడ్స్‌మా అనే ఆయన ఈ రెండు జాతుల పసికూనల్ని గూళ్ళలోంచి తెచ్చి స్వయంగా పెంచాడు. ఒకరి పిల్లలకి రెండోవాళ్ళ పాట వినిపించాడు. పెద్దయ్యాక ఏం పాడాయనుకున్నారు? విన్న పాట కాదు, ఎవరి వంశం పాట వాళ్ళే పాడారు! 1984లో ఈ సంగతి ప్రకటించాడు. పుట్టుకతో వచ్చింది పుడకలతో గాని పోదని మనవాళ్ళు ఊరికే అన్నారా? అందుకే ఈ వంశంలో గొంతుకి అంత విలువ. అది అరువు తెచ్చుకున్నది కాదు.

గొంతే అన్నిటికీ మందు అని నేను తీర్మానించేసుకునేలోపు, మా తమ్ముడి గుమ్మం మీది పిట్ట కథ అడ్డం వచ్చింది. దానికి 1858లో బెయిర్డ్ పెట్టిన పేరులోనే ఉంది తమాషా. డిఫిసిలిస్. అంటే కష్టమైనది! ఆయనకి ముందే తెలిసినట్టుంది. సముద్రతీరంలో ఉండే పిట్ట మగది ఒకలా పిలుస్తుందనీ, లోపలి కొండల్లో ఉండే పిట్ట మగది ఇంకోలా పిలుస్తుందనీ నెడ్ జాన్సన్ చూపించాడు. జిల్ మార్టెన్ అనే ఆవిడతో కలిసి 1988లో రక్తమాంసాల్లోని ప్రోటీన్లలో కూడా తేడాలున్నాయన్నాడు. మరుసటి ఏడు, 1989లో, సంఘంవారు వెస్టర్న్ ఫ్లైకాచర్‌ని పసిఫిక్ స్లోప్, కార్డిలెరన్ అని రెండుగా చీల్చారు.

చీల్చాక మొదలయ్యాయి తిప్పలు. కెనడా సరిహద్దు దగ్గర, రెండు ప్రాంతాలూ కలిసేచోట, పిట్టల పిలుపు అటూ ఇటూ కాకుండా ఉంది. జన్యువులు పరీక్షిస్తే అక్కడివన్నీ ఒకరితో ఒకరు కలిసి కాపరాలు చేసుకుంటున్నవే. గొంతులో తేడా ఉన్న మాట నిజమే, కాని అది గోడ కాదు, వాలు. ఒక చివర నించి రెండో చివరకి మెల్లగా మారుతూ పోతుంది. 2023లో సంఘంవారు రెండింటినీ మళ్ళీ కలిపేశారు. పక్కింటావిడ పెన్సిలుతో దిద్దుకున్నది అదే. ముప్ఫై నాలుగేళ్ళు రెండు కాపరాలయిన ఉమ్మడి కుటుంబం మళ్ళీ ఒక్క పొయ్యి మీదికి వచ్చిందన్నమాట!

“ఇదంతా పనిలేనివాళ్ళ పని కాదుటే అక్కయ్యా?” అన్నాడు మా తమ్ముడు. నేనూ మొదట అలాగే అనుకున్నాను. కాదని తెలిసింది. విల్లో ఫ్లైకాచర్‌లో నైరుతి ఎడారుల ఏటి ఒడ్డున ఉండే శాఖ ఒకటుంది. దాన్ని 1948లో వేరుగా గుర్తించింది మన అలన్ ఫిలిప్సే. ఆనకట్టలు కట్టి, నీళ్ళు మళ్ళించి, ఏటి ఒడ్డు చెట్లు పోయేసరికి ఆ శాఖ అంతరించిపోయే స్థితికి వచ్చింది. 1995లో అమెరికా ప్రభుత్వం దానికి చట్టరక్షణ ఇచ్చింది. పాత చెట్లు లేక ఆ పిట్టలు టామరిస్క్ అనే పరాయి దేశపు పొదల్లో గూళ్ళు పెట్టుకుంటున్నాయి. ఆ పొదలు నీళ్ళు తాగేస్తున్నాయని వాటిని తినే పురుగుల్ని ప్రభుత్వమే వదిలింది. పిట్టల గూళ్ళకి నీడ పోతోందని తేలాక 2010లో ఆ వదలడం మానేసింది. తరవాత కొందరు “అసలు ఇదొక ప్రత్యేక శాఖే కాదు, అందుచేత రక్షణ అక్కర్లేదు” అని అర్జీ పెట్టుకున్నారు. 2017లో ప్రభుత్వం ఆ అర్జీని తోసిపుచ్చింది. చూశారా! మ్యూజియం సొరుగులో చీటీ మీద ఒక్క మాట ఉండడం, లేకపోవడం మీద ఏటి ఒడ్డున ఒక గూడు నిలవడమా పోవడమా అన్నది ఆధారపడి ఉంది. రేషను కార్డులో పేరుంటేనే బియ్యం అన్న సంగతి మనకొకరు చెప్పాలా?

పుస్తకాలు తిరిగి ఇచ్చేటప్పుడు పక్కింటావిడని అడిగాను, “చెట్టు మీద పిట్ట నోరు విప్పకపోతే మీరేం చేస్తారు?” అని. ఆవిడ తన నోటుపుస్తకం తెరిచి చూపించింది. తేదీ, చోటు, టైము. ఎదురుగా చాలాచోట్ల వట్టి ఎంపిడోనాక్స్ అని మాత్రమే ఉంది. “ఈ వంశంలో ఏదో ఒకటి అని రాసుకుంటాను. ఇన్నేళ్ళు చూశాక కూడా తెలియనప్పుడు తెలియదనే రాస్తాను. చూసినదాన్ని చూడలేదనను. తెలియనిదాన్ని తెలుసనను” అంది.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఒక సంగతి మీకు చెప్పలేదు. మూడేళ్ళ క్రితం మా అమ్మ పోయింది. పదో రోజున చుట్టాలందరూ “పిన్ని ఉందిగా, అచ్చం మీ అమ్మే” అన్నారు. ఓదార్పుకే అన్నారు. కాని నాకు అదే శాపమయింది. పిన్ని ఎదురుగా వస్తే గుండె ఝల్లుమనేది. అమ్మ మొహం. ఆ మొహం నోరు తెరిస్తే అమ్మ గొంతు రాదు. అది నేను తట్టుకోలేకపోయాను. పనులున్నాయనీ, నవల రాస్తున్నాననీ సాకులు చెప్పి పిన్ని ఇంటికి వెళ్ళడం తగ్గించాను, తరవాత మానేశాను. వీడియోలో పిలిస్తే ఎత్తేదాన్ని కాదు. పిన్ని ఒక్కమాట అనలేదు. తోడబుట్టినదాన్ని, కడుపులోంచీ కలిసి వచ్చినదాన్ని పోగొట్టుకున్నది ఆవిడ కూడానని నాకు తట్టనేలేదు. ఇన్నాళ్ళూ పిన్ని మొహంలో అమ్మని వెతికి, కనిపించలేదని పిన్ని మీద అలిగాను. సొరుగులోని పిట్ట మొహంలోకి చూసిన పెద్దమనుషుల్ని చూసి నవ్వానే గాని, నేను చేసినదేమిటి?

తెల్లవారకుండానే ఫోను తీశాను. అక్కడ సాయంత్రం. వీడియో కాదు, మామూలు ఫోనే చేశాను.

“ఎవరూ?”

అదే గలగల. ఎన్నేళ్ళ నించో విన్న గొంతే, కాని మొహం అడ్డం లేకుండా విన్నాను. అది పిన్ని గొంతు. ఇంకెవరిదీ కాదు.

“నేనే పిన్నీ.”

అవతల ఒక్క క్షణం ఏమీ వినిపించలేదు. తరవాత “ఏమే అమ్మడూ! అన్నం తిన్నావా? అక్కడ ఇప్పుడు టైమెంతే? చలిగా ఉందా? వాడు బావున్నాడా? పిల్లలు తెలుగు మాట్లాడుతున్నారా?” అంటూ జవాబులకి చోటివ్వకుండా ప్రశ్నలు. నాకు మాట పెగలక, ఏదో ఒకటి చెప్పాలని, గుమ్మం మీద పిట్ట గూడు పెట్టిందని చెప్పాను.

“ఏం పిట్టే?” అంది పిన్ని.

“దాని పేరు పెద్ద కథ పిన్నీ. వచ్చాక నీ దగ్గర నాలుగు రోజులుండి చెబుతాను” అన్నాను.